కోరల్లేని డ్రాక్యులా గురించి మన ఫిల్మ్ సొసైటీ కమిటీ వాళ్ళకి బహిరంగ లేఖ

సెక్రటరీ గారికి, ట్రెజరర్ గారికి, కమిటీ పెద్దలకి, ఇంకా గ్రూపులో నా మెసేజ్‌కి బొటనవేలు ఎమోజీ పెట్టి ఊరుకున్న మిత్రులందరికీ నమస్కారం.

గ్రూపులో రాశాను గానీ గంటలోపే గుడ్ మార్నింగులు, ఎవరిదో పెళ్ళిరోజు శుభాకాంక్షలు వరసపెట్టి పడి నా మెసేజ్ ఎటో కొట్టుకుపోయింది, అందుకే ఇలా అందరికీ కనబడేట్టు రాస్తున్నా. కోపంతో రాస్తున్నాడు అనుకుంటే అనుకోండి, కొంచెం ఉంది కూడా.

అక్టోబర్ 31న మీరు వెయ్యబోయే డ్రాక్యులా షో గురించి. టాడ్ బ్రౌనింగ్ తీసిన 1931 సినిమా, యూనివర్సల్ వాళ్ళది, చాలా మంచి సెలెక్షన్, రెండేళ్ళ నుంచి వెయ్యండి వెయ్యండి అని మీ ప్రాణం తీసింది కూడా నేనే. కానీ పోస్టర్ చూశాక తల పట్టుకున్నా. పైన పెద్ద అక్షరాల్లో "రొమేనియా రక్తపిశాచి బేలా లుగోసి" అట, మనిషి మూతికి రెండు కోరలు తగిలించారు, గడ్డం మీద ఎర్రగా రక్తం కార్పించారు, కింద చిన్న అక్షరాల్లో "ఒకే ఒక్క సినిమాతో అమరుడైన నటుడు" అని రాశారు. సరే, ఇదంతా పోస్టర్ డిజైన్ చేసినవాళ్ళ సరదా అనుకుని సర్దుకుపోయేవాణ్ణేమో. కానీ గేటు దగ్గర డ్రాక్యులా కేప్ వేసుకుని నిలబడి వచ్చినవాళ్ళందరితో సెల్ఫీలు దిగడానికి మన పరిషత్తు నాటకాల కుర్రాణ్ణి మాట్లాడారంట కదా, వాడు పాపం మొహమాటపడుతూ ఎంతిస్తారండీ అంటే "డబ్బులేముంటాయి తమ్ముడూ, నీకు ఎక్స్‌పోజర్ వస్తుంది కదా" అన్నారంట. నాలుగు గంటలు, మెడ దాకా నల్ల కేప్, మొహానికి తెల్ల మేకప్, సొంత ఖర్చుతో. అక్కడ నాకు తిక్క రేగింది.

ఇందులో తిక్క రేగాల్సింది ఏముంది అంటారేమో. ఆ పోస్టర్ మీద ఉన్నాయన, అంటే ఆ సినిమాలో డ్రాక్యులా వేసిన లుగోసి, ఎవరో తెలిస్తే మీకూ రేగుతుంది.

ముందు ఆ పేరు సంగతి. ఆయన పుట్టినప్పటి ఇంటిపేరు బ్లష్కో. హంగేరియన్లు కూడా అచ్చం మనలాగే ఇంటిపేరు ముందు, పేరు తర్వాత రాస్తారు, అంటే బ్లష్కో బేలా. 1882 అక్టోబర్ 20న లుగోష్ అనే ఊళ్ళో పుట్టాడు, నాన్న మొదట రొట్టెలు కాల్చే బేకరీ మనిషి, తర్వాత బ్యాంకులోకి వెళ్ళాడు. నాటకాల్లోకి వచ్చాక సొంత ఊరి పేరే ఇంటిపేరు చేసుకున్నాడు, లుగోషి అంటే "లుగోష్ వాడు" అని అంతే (మనం లుగోసి అంటాం, వాళ్ళు లుగోషి అనే పలుకుతారు). ఆ ఊరు అప్పుడు హంగరీ రాజ్యంలో ఉండేది, మొదటి ప్రపంచ యుద్ధం అయ్యాక గీతలు మార్చి గీసినప్పుడు రొమేనియాలోకి వెళ్ళిపోయింది. మీకు అర్థమయ్యే ఉదాహరణ చెప్తా, మన బళ్ళారి రాఘవ గారు ఈయన కన్నా రెండేళ్ళే పెద్ద, 1880లో పుట్టారు, ఆయన పేరులోనూ ఊరే ఉంది, ఆ బళ్ళారి 1953లో మైసూరు రాష్ట్రంలోకి వెళ్ళింది, అంతమాత్రాన రాఘవ గారిని ఎవరైనా పరాయి నటుడు అంటే మన సొసైటీ పెద్దలు ఊరుకుంటారా? పళ్ళు రాలగొడతారు. మరి హంగరీలో హంగేరియన్ భాషలో ఇరవై ఏళ్ళ దాకా నాటకాలు వేసిన మనిషిని రొమేనియా వాణ్ణి చేసి పోస్టర్ ఎలా వేస్తారండీ? డ్రాక్యులా కథ ట్రాన్సిల్వేనియాది, ఈయన ఊరు ఆ పక్క బానాత్‌లో ఉంది, సినిమా పబ్లిసిటీ వాళ్ళకి ఇంతకంటే ఏం కావాలి, అప్పట్నుంచీ ఆ పిశాచి మనిషిని అంటుకునే ఉంది. పబ్లిసిటీ వాళ్ళు చేసింది మనం కూడా చెయ్యాలా?

ఒకే ఒక్క సినిమాతో అమరుడు అన్న ముక్కకి వద్దాం. ఆయన డ్రాక్యులా సినిమా చేసేనాటికి వయసు 48. అంతకుముందు ముప్పై ఏళ్ళు ఏం చేస్తున్నాడు, శవపేటికలో పడుకున్నాడా?

జిల్లా ఊళ్ళలో తిరిగే నాటక కంపెనీల్లో మొదలెట్టాడు. 1910లో సెగెద్ అనే ఊళ్ళో రోమియో వేశాడు. క్రీస్తు వేషం వేసిన ఫోటో కూడా ఉంది, గడ్డం పెంచుకుని కళ్ళు పైకెత్తి, చూస్తే మన కుర్రాళ్ళు ఒక్కడూ గుర్తుపట్టడు, బెట్ కడతా. 1913లో బుడాపెస్ట్‌లో నేషనల్ థియేటర్‌లో చేరాడు, అక్కడ సీనియర్లు పాతుకుపోయి ఉండటంతో ఈయనకి దక్కినవి చాలావరకు చిన్న వేషాలే. ఏడాది తిరిగేలోపు యుద్ధం, సైన్యంలోకి వెళ్ళాడు, రష్యా వైపు యుద్ధరంగంలో గాయాలయ్యాయి, 1916లో బయటపడి మళ్ళీ స్టేజి ఎక్కాడు.

1917లో సినిమాలు. అదీ సొంత పేరుతో కాదు, అరిస్తిద్ ఓల్త్ అని ఒక షోకు పేరు పెట్టుకున్నాడు, స్టార్ అనే కంపెనీలో దేషి అల్‌ఫ్రెద్ అనే డైరెక్టర్ దగ్గర వరసగా చేశాడు. పెద్ద నాటకశాలలో జీతం తీసుకుంటూ మూకీల్లో మొహం చూపించడం నామోషీ అనుకున్నాడేమో అని నా ఊహ. ఇంకో డైరెక్టర్ దగ్గర మాత్రం లుగోసి పేరుతోనే కనబడ్డాడు, ఆ డైరెక్టర్ పేరు కెర్తేస్ మిహాయ్, ఎవరబ్బా అనుకుంటున్నారా, పోయినేడు మనం ప్రొజెక్టర్ వేడెక్కి రెండుసార్లు ఆగిపోయినా చివరిదాకా కూర్చుని చూసిన కాసాబ్లాంకా తీసిన మైకేల్ కర్టిజ్, ఆయనే. 1918లో "అజ్ ఎజ్రెదెష్" అంటే కల్నల్ అని ఒక సినిమాలో ఈయన చేత వేషం వేయించాడు.

ఆ మూకీల్లో మనకి చూడ్డానికి మిగిలింది దాదాపు ఏమీ లేదు. నైట్రేట్ ఫిల్మ్ కదా, కాలిపోయేది, కుళ్ళిపోయేది, వెండి కోసం కరగబెట్టేవాళ్ళు. దీని మీద హంగేరియన్లని వెక్కిరించే హక్కు మనకి లేదులెండి, 1921లో తీసిన మన భీష్మ ప్రతిజ్ఞ ఏది? 1932 భక్త ప్రహ్లాద ఏది? డ్రాక్యులా రిలీజైన నెల రోజులకి, 1931 మార్చి 14న వచ్చిన ఆలం ఆరా ఏది? మన దగ్గర స్టిల్స్ ఉన్నాయి, కబుర్లున్నాయి. కాబట్టి అరిస్తిద్ ఓల్త్ ఎలా నటించాడు అనేది చెప్పలేం గానీ, అలాంటి మనిషి ఒకడున్నాడు అనైనా మన షోలో ఎవరో ఒకళ్ళు చెప్పాలి కదా.

అసలు సంగతి ఇప్పుడు. సెక్రటరీ గారూ, ఈ పేరా మాత్రం మీరు స్కిప్ చెయ్యొద్దు.

1918 చివర్లో ఆస్ట్రియా హంగరీ సామ్రాజ్యం కూలిపోయింది. హంగరీలో గందరగోళం, 1919 మార్చి 21న బేలా కున్ కమ్యూనిస్టు ప్రభుత్వం వచ్చింది, మొత్తం 133 రోజులు నడిచింది అంతే. ఆ కొద్ది రోజుల్లోనే సినిమా పరిశ్రమ మొత్తాన్ని జాతీయం చేశారు, రష్యా కంటే ముందు, ప్రపంచంలోనే మొట్టమొదటిసారి. ఈ హడావిడి అంతా జరుగుతుంటే మన రోమియో గారు ఏం చేస్తున్నాడంటే నటులకి యూనియన్ కడుతున్నాడు. జాతీయ స్థాయిలో నటుల సంఘం పెట్టిన ముఖ్యుల్లో ఈయన ఒకడు. ఆ ఏడు మే నెలలో సంఘం పత్రికలో వ్యాసం కూడా రాశాడు, దాని సారాంశం ఏంటంటే పైకి సిల్కు బట్టలు, రాజుల వేషాలు కనబడతాయి గానీ నూటికి తొంభై అయిదు మంది నటుల బతుకు ఫ్యాక్టరీ కూలీ బతుకు కన్నా అధ్వాన్నం, కళ కళ అని పొగుడుతూ కడుపు మాడ్చే పద్ధతి పోవాలి అని. గుర్తుపెట్టుకోండి, నేషనల్ థియేటర్‌లో నెల జీతం ఉన్న మనిషి, నోరు మూసుకుని ఉంటే రిటైరయ్యేదాకా నడిచిపోయేది.

ఆగస్టుకి ఆ ప్రభుత్వం పడిపోయింది, కొత్తగా వచ్చినవాళ్ళు పాతవాళ్ళతో అంటకాగిన వాళ్ళందరినీ వెతికి వెతికి పట్టుకోవడం మొదలెట్టారు. ఈయన పెళ్ళాంతో సహా వియన్నా పారిపోయాడు, అక్కణ్ణుంచి బెర్లిన్. పెళ్ళై రెండేళ్ళు, ఆవిడ పుట్టింటికి వెళ్ళిపోయింది, 1920లో విడాకులు. ఉద్యోగం పోయింది, భాష పోయింది, సంసారం పోయింది, మళ్ళీ ఆ దేశంలో కాలు పెట్టలేదు బతికుండగా. అదీ నటులకి జీతం అడిగినందుకు ఆయన కట్టిన బిల్లు. అలాంటాయన షోకి గేటు దగ్గర ఒక నటుణ్ణి మనం ఊరికే నిలబెడతామా?

సరే, ముందుకి పోదాం. బెర్లిన్‌లో ఏడాది ఉన్నాడు, చేతికి దొరికిన వేషమల్లా వేశాడు. ఒక జర్మన్ మూకీలో అమెరికా ఆదివాసీ వీరుడు చింగాచ్‌గుక్ వేషం కూడా ఉంది, తలమీద ఈకలతో, హంగరీ మనిషి జర్మనీ అడవిలో అమెరికా ఆదివాసీ, నవ్వొస్తుంది గానీ ఆ సినిమా అదృష్టవశాత్తూ మిగిలింది. మిగలనిదాని గురించే నాకు బాధ. ముర్నావ్ అనే జర్మన్ డైరెక్టర్ తీసిన డెర్ యానుస్‌కోఫ్, 1920ది, ఒకే మనిషిలో మంచివాడూ దుర్మార్గుడూ ఉండే జెకిల్ హైడ్ కథ, అందులో ఈయన బట్లర్. ఆ సినిమాకి కెమెరా పట్టుకున్న వాళ్ళలో కార్ల్ ఫ్రాయిండ్ ఒకడు. పదేళ్ళు పోయాక హాలీవుడ్‌లో డ్రాక్యులాకి కెమెరామన్ ఎవరనుకున్నారు? అదే కార్ల్ ఫ్రాయిండ్. బెర్లిన్‌లో తలుపులు తీసే నౌకరు వేషం వేసినవాడు ఇక్కడ కోట తలుపులకే యజమాని, ముందు నుంచి చూస్తున్నది మాత్రం అదే కళ్ళు.

అమెరికాకి ఎలా వెళ్ళాడో తెలుసా, ఓడలో పనివాడిగా. 1920 డిసెంబర్లో న్యూ ఆర్లియన్స్ రేవులో దిగాడు, తర్వాత న్యూయార్క్ చేరి అక్కడున్న హంగేరియన్ల కోసం హంగేరియన్ నాటకాలు వేసుకున్నాడు. 1922లో మొదటిసారి ఇంగ్లీషు నాటకంలో పెద్ద వేషం వచ్చింది, ఇంగ్లీషు రాదు, డైలాగులన్నీ శబ్దం పట్టుకుని బట్టీ కొట్టేశాడు. మన దగ్గర ముంబై హీరోయిన్లు తెలుగు డైలాగుని హిందీ అక్షరాల్లో రాసుకుని చెప్తారు చూడండి, వాళ్ళకైతే డబ్బింగ్ ఉంది, ఈయన స్టేజి మీద జనం ముందు రోజూ చెప్పాడు. తర్వాత ఇంగ్లీషు నేర్చుకున్నాడు గానీ ఆ నడక పోలేదు, ఒక్కో మాటని తూకం వేసినట్టు, మాటకి మాటకి మధ్య కొంచెం ఎక్కువ సేపు ఆగడం, చివర్లో సాగదీయడం. ఇవాళ ప్రపంచంలో ఏ భాషలో ఎవడు డ్రాక్యులాని అనుకరించినా, మన స్కూలు ఫ్యాన్సీ డ్రెస్ పోటీలో అయిదో తరగతి పిల్లాడు చేసినా సరే, వాడు అనుకరిస్తున్నది లుగోష్ వాడి యాసని.

1927 అక్టోబర్లో న్యూయార్క్ నాటకశాలల వీధి బ్రాడ్‌వేలో డ్రాక్యులా నాటకం, ఫుల్టన్ థియేటర్లో 261 ఆటలు. ఆడవాళ్ళు ఎగబడి చూశారు. సినిమా తీద్దాం అనుకున్నప్పుడు మాత్రం యూనివర్సల్ వాళ్ళకి ఈయన పేరు మొదట గుర్తు రాలేదు, వేరేవాళ్ళ చుట్టూ తిరిగారు, పెద్ద స్టార్ లాన్ చేనీ 1930 ఆగస్టులో పోయాడు, ఈయన ఆ వేషం కోసం వెంటపడి వెంటపడి తెచ్చుకున్నాడు. వారానికి 500 డాలర్లు, ఏడు వారాలు, మొత్తం 3500. టైటిల్ రోల్ అండీ అది! అదే సినిమాలో హీరోగా వేసిన కుర్రాడికి అంతకన్నా చాలా ఎక్కువ ఇచ్చారు, ఆ హీరో పేరు మీలో ఒక్కళ్ళు చెప్పండి చూద్దాం గూగుల్ చూడకుండా.

పోస్టర్ మీద కోరల సంగతి ఇక్కడే చెప్పేస్తా. సినిమా మళ్ళీ ఒకసారి చూడండి, మొత్తం 75 నిమిషాల్లో ఎక్కడా ఒక్క కోర కూడా కనబడదు. మెడ మీద కాటు కూడా చూపించరు, కేప్ ఎత్తుతాడు, వంగుతాడు, కట్. రక్తం అంటారా, కాగితం క్లిప్పుకి వేలు గీరుకుని ఒక చుక్క వస్తుంది చూడండి కోటలో అతిథికి, అదే. మీరు తగిలించిన కోరలు, ఎర్ర రక్తం 1958లో వచ్చిన క్రిస్టఫర్ లీ డ్రాక్యులావి, ఆయన వేరే, ఆ కంపెనీ వేరే, ఆ దేశం వేరే.

మరి కోరల్లేకుండా ఎలా భయపెట్టాడు? మెట్ల సీను చూడండి. పాడుబడ్డ కోట, ఆకాశమంత ఎత్తు గోడలు, (నేల మీద ఆర్మడిల్లోలు తిరుగుతుంటాయి, ట్రాన్సిల్వేనియాలో దక్షిణ అమెరికా జంతువులు ఎందుకున్నాయని అడక్కండి), ఆ పెద్ద మెట్ల మీద నుంచి చేతిలో ఒక్క కొవ్వొత్తి పట్టుకుని దిగుతాడు. తొందర లేదు. వచ్చిన అతిథిని పలకరించి వెనక్కి తిరిగి పైకి ఎక్కుతాడు. మెట్లకి అడ్డంగా గోడ నుంచి గోడకి పెద్ద సాలెగూడు. మన కెమెరా అతిథి మీదకి వెళ్ళి తిరిగొచ్చేలోపు ఆయన గూటికి అవతల ఉంటాడు, గూడు చెక్కుచెదరలేదు. వెనక వస్తున్న అతిథి మాత్రం చేతికర్రతో దాన్ని చింపుకుని రావాలి. ఒక్క ట్రిక్కు షాట్ లేదు, గ్రాఫిక్ లేదు, మ్యూజిక్ కూడా లేదు, టైటిల్స్ దగ్గర వచ్చిన ముక్క తప్ప సినిమాలో వెనకాల సంగీతం దాదాపు ఉండదు, ఆ నిశ్శబ్దంలో ఈయన వెనక్కి తిరిగి చూసి చిన్నగా నవ్వుతాడు. కళ్ళ మీద మాత్రం సన్నటి లైటు కొట్టారు, మొహం చీకట్లో, రెండు కళ్ళూ వెలుగులో. నేను మొదటిసారి చూసినప్పుడు ఇంటర్ చదువుతున్నా, హాస్టల్లో చిన్న కంప్యూటర్ మీద, పక్కన నలుగురు నవ్వుతూ కామెంట్లు చేస్తున్నారు, ఆ సాలెగూడు దగ్గర అందరూ ఆగిపోయారు.

ఇంకో సరదా సంగతి, పగలు ఈయన యూనిట్ షూటింగ్ చేసుకుని వెళ్ళాక రాత్రి అదే సెట్లలో స్పానిష్ డ్రాక్యులా తీశారు వేరే నటులతో. కెమెరా పనితనంలో అదే మెరుగు అని చాలామంది అంటారు, నేనూ సగం ఒప్పుకుంటా. కానీ ఆ కౌంట్‌ని ఎవరు గుర్తుపెట్టుకున్నారు?

తర్వాత కథ తొందరగా చెప్తా, ఎందుకంటే చెప్పాలంటే మనసొప్పదు. ఫ్రాంకెన్‌స్టైన్ సినిమాలో రాక్షసుడి వేషానికి మొదట ఈయన పేరే అనుకున్నారు, మేకప్ టెస్ట్ దాకా వెళ్ళింది, చివరికి ఆ వేషం బోరిస్ కార్లాఫ్‌కి వెళ్ళింది, కార్లాఫ్ స్టార్ అయ్యాడు. డ్రాక్యులా వచ్చి రెండేళ్ళు కాలేదు, 1932లోనే లుగోసి దివాలా పిటిషన్ పెట్టాడు. డబ్బు నిలవేసే రకం కాదు లెండి, మంచి భోజనం, జిప్సీ వయొలిన్లు, స్నేహితులు, అది ఆయన తప్పే. 1936 కల్లా స్టూడియో చేతులు మారింది, ఇంగ్లండులో హారర్ సినిమాల మీద ఆంక్షలు, ఆ రకం సినిమాలే ఆగిపోయాయి, ఇల్లు పోయింది. 1938 జనవరిలో కొడుకు పుడితే ఆస్పత్రి ఖర్చులకి సినిమా వాళ్ళ సహాయ నిధి ఆదుకోవాల్సి వచ్చింది. అదే ఏడు లాస్ ఏంజెలెస్‌లో ఒక చిన్న థియేటర్ వాడు డబ్బుల్లేక పాత డ్రాక్యులా, ఫ్రాంకెన్‌స్టైన్ ప్రింట్లు కలిపి వేస్తే జనం క్యూలు కట్టారు, స్టూడియోకి మళ్ళీ హారర్ గుర్తొచ్చింది. 1939లో వచ్చిన సన్ ఆఫ్ ఫ్రాంకెన్‌స్టైన్‌లో మెడ విరిగిన ఈగోర్ వేషం, అదొక్కటి చూడండి ప్లీజ్, డైరెక్టర్ షూటింగ్‌లో పెంచుకుంటూ పోయాడు ఆ పాత్రని, డ్రాక్యులా ఎక్కడా కనబడడు, గడ్డం, పళ్ళు, దగ్గు, వెటకారం, పక్కా నాటకాల మనిషి. అదే 1939లో గ్రెటా గార్బోతో నినోచ్కాలో ఒక్క సీను, సోవియట్ కమిసార్, అంటే పెద్ద అధికారి వేషం. కమ్యూనిస్టు ముద్ర పడి దేశం వదిలి పారిపోయినాయన మాస్కో ఆఫీసులో బల్ల వెనక కూర్చుని గార్బోకి ఆర్డర్లు వేస్తాడు. ఆ సినిమా డైరెక్టర్ లూబిచ్ ఇది తెలిసి పెట్టాడో తెలీక పెట్టాడో గానీ నేను మాత్రం ఆ సీను వచ్చినప్పుడల్లా పాజ్ చేసి చూస్తా.

1943లో చివరికి ఆ ఫ్రాంకెన్‌స్టైన్ రాక్షసుడి వేషం ఈయన్నే వెతుక్కుంటూ వచ్చింది, ఈసారి రాక్షసుడికి మాటలున్నాయి, ఈయన చెప్పాడు కూడా, తీరా ఎడిటింగ్‌లో ఆ మాటలన్నీ తీసేశారు. కళ్ళు కనబడని రాక్షసుడు అనే సంగతి కూడా ఆ మాటల్లోనే పోయింది, అందుకే సినిమాలో ఊరికే చేతులు చాచుకుని తడుముకుంటూ నడుస్తుంటాడు, జనం నవ్వారు. ఇవాళ్టికీ పిల్లలు రాక్షసుడిలా నడవమంటే చేతులు ముందుకి చాస్తారు చూడండి, అందులో ఆ కత్తిరించిన మాటల వాటా ఉంది.

కానీ ఇన్ని కష్టాల్లోనూ యూనియన్ పిచ్చి పోలేదు మనిషికి. 1933లో హాలీవుడ్ నటులు స్క్రీన్ యాక్టర్స్ గిల్డ్ పెట్టుకున్నప్పుడు మొదటి సభ్యుల్లో ఉన్నాడు, సభ్యత్వం నంబర్ 28. ఒకసారి యూనియన్ పెట్టి దేశం పోగొట్టుకున్నవాడు రెండోసారి ఫారం మీద సంతకం పెట్టాడు. 1944లో హంగరీ యూదుల్ని నాజీలు చావు శిబిరాలకి తరలిస్తుంటే వాళ్ళని కాపాడమని అమెరికా ప్రభుత్వాన్ని అడుగుతూ లాస్ ఏంజెలెస్ సభలో మాట్లాడాడు. ఇవేవీ పోస్టర్లో పట్టవు, ఒప్పుకుంటా, కానీ ఇంట్రడక్షన్‌లో రెండు నిమిషాలకి పడతాయి.

పూర్తి నిడివి సినిమాల్లో ఆయన డ్రాక్యులాగా కనబడింది రెండుసార్లే, 1931లో ఒకటి, 1948లో అబట్, కాస్టెల్లోల కామెడీలో ఇంకోటి. మిగతా జీవితమంతా ఎక్కడికెళ్ళినా కేప్ తెచ్చారా అని అడిగారు. కాలి నరం నొప్పికి వేసుకున్న మందులకి అలవాటు పడిపోయి, 1955లో తనంతట తనే వెళ్ళి ప్రభుత్వ ఆస్పత్రిలో చేర్చుకోమని అడిగాడు, హాలీవుడ్‌లో ఎవరూ ఇలాంటివి బయటికి చెప్పుకోని రోజుల్లో. 1956 ఆగస్టు 16న పోయాడు. కేప్ వేసి పాతిపెట్టారు, అదీ ఆయన కోరిక కాదు, మాజీ భార్య, కొడుకు తీసుకున్న నిర్ణయం.

చచ్చాక కూడా జీతం గొడవ వదల్లేదు. స్టూడియో వాళ్ళు ఆయన మొహంతో డ్రాక్యులా బొమ్మలు, మాస్కులు, చొక్కాలు చేసుకోడానికి కంపెనీలకి లైసెన్సులు అమ్మారు, రెండో తరం కొనుక్కుంది. 1966లో కొడుకు, లుగోసి చివరి భార్య కోర్టుకెళ్ళారు. కింద కోర్టులో గెలిచారు. 1979లో కాలిఫోర్నియా సుప్రీం కోర్టు తిప్పేసింది, తన పేరు మీదా మొహం మీదా వ్యాపారం చేసుకునే హక్కు ఆ మనిషిది, బతికుండగా వాడుకోకపోతే మనిషితోనే పోతుంది, వారసులకి రాదు అంది. ఆ గోల తర్వాతే చట్టం మార్చారు, 1985 నుంచి అక్కడ చనిపోయిన నటుల వారసులకి ఆ హక్కు వచ్చింది. ఇవాళ ఏ చనిపోయిన హీరో మొహాన్ని కంప్యూటర్లో పెట్టి యాడ్ తీద్దామన్నా అక్కడి లాయర్లు ముందు తిరగేసేది ఈ డ్రాక్యులా కేసే.

ఇప్పుడు నేను అడిగేవి. పోస్టర్ మార్చండి, రొమేనియా తీసెయ్యండి, కోరలు పీకెయ్యండి, ఎరుపు తుడిచెయ్యండి. కొత్తది నేనే చేసిస్తా, ఆ కొవ్వొత్తి స్టిల్ పెట్టి. రెండోది, డ్రాక్యులా 75 నిమిషాలే కదా, ఇంటర్వల్ తర్వాత 1934 బ్లాక్ క్యాట్ వెయ్యండి, అది గంటా అయిదు నిమిషాలు, హాల్ వాళ్ళకి ఇచ్చిన మూడు గంటల్లో హాయిగా సరిపోతుంది. ఆ కథ జరిగేది హంగరీలోనే, లుగోసి వేసింది యుద్ధం నుంచి, పదిహేనేళ్ళ జైలు నుంచి తిరిగొచ్చిన హంగేరియన్ డాక్టర్ వేషం, శత్రువు కార్లాఫ్ ఇల్లు కట్టుకుంది వేలమంది సైనికులు చచ్చిన యుద్ధభూమి మీద. ఆ చచ్చినవాళ్ళ గురించి ఆయన మాట్లాడేటప్పుడు అది వట్టి డైలాగ్ కాదని తెలిసిపోతుంది. ఇది మన మెంబర్లకి బోర్ కొడుతుంది అని వైస్ ప్రెసిడెంట్ గారు అంటారని నాకు తెలుసు, అయినా వెయ్యండి, బోర్ కొడితే బయట టీ ఉంది.

ఇక ఆ కుర్రాడి విషయం. వాడికి ఫోన్ చేసి మాట్లాడా. పగలు ఒక షోరూంలో పని, సాయంత్రం రిహార్సల్స్, 31న సెలవు పెట్టుకుంటే ఒక రోజు జీతం కట్. గేటు దగ్గర సెల్ఫీ బొమ్మలా కాకుండా బ్లాక్ క్యాట్ ముందు స్టేజి మీద పది నిమిషాలు ఇవ్వమన్నాడు, ఆ 1919 వ్యాసం విషయం నేను చెప్తే చిన్న ఏకపాత్ర రాసుకుంటా అన్నాడు, కేప్ లేకుండా, మామూలు చొక్కాలో. రెండు వేలు అడిగాడు. ట్రెజరర్ గారూ, పోయిన నెల స్నాక్స్ బిల్లు అంతకన్నా ఎక్కువ, మీరు గ్రూపులో పెట్టిన లెక్క నా దగ్గర స్క్రీన్‌షాట్ ఉంది. సగం అడ్వాన్స్ ఇవాళే వాడి ఫోన్‌కి కొట్టండి, నంబర్ మీ దగ్గర ఉంది, ఫ్రీగా రమ్మని అడగడానికి మొన్న మీరు చేసిన నంబరే.

కేప్ మాత్రం మా ఇంట్లో ఉంది, ఎవరికన్నా సరదాగా వేసుకుని ఫోటో దిగాలంటే తెచ్చి హాల్లో కుర్చీ మీద పెడతా. డ్రై క్లీనింగ్ కమిటీ ఖాతాలో.